అనకాపల్లి బెల్లం, సెయింట్ లూయిస్ పక్

మొన్న సంక్రాంతికి అమ్మా నాన్నా అనకాపల్లి నుంచి వచ్చి మా దగ్గరే ఉన్నారు. మేముండేది అమెరికాలో సెయింట్ లూయిస్. బయట మంచు, గుమ్మం దాటే పని లేదు. నాన్న తనతో తెచ్చుకున్న పంచాంగం రెండోసారి కూడా చదివేశారు. కాలక్షేపానికని, మా ఊరి ఐస్ హాకీ టీము బ్లూస్ 2019లో కప్పు కొట్టిన సీజన్ మీద తీసిన డాక్యుమెంటరీ పెట్టాను.

మొదటి పావుగంట పక్ గొడవే.

"పక్ చూడు తాతయ్యా, పక్!" అని మావాడు అరుస్తుంటే, "అప్పుడే పక్కలేమిట్రా, ఇంకా అన్నాలే తినలేదు" అంది వంటింట్లోంచి అమ్మ.

పక్ అంటే నల్లటి రబ్బరు బిళ్ళ. మూడంగుళాల వెడల్పు, అంగుళం మందం. అంత తెల్లటి మంచు మీద అది నాన్నకి ఒక్కసారీ కనబడలేదు. "వీళ్లంతా దేన్ని కొడుతున్నార్రా?" అన్నారు. మావాడు తన గదిలోంచి బ్లూస్ బొమ్మ వేసిన పక్ తెచ్చి చేతిలో పెట్టాడు. "మ్యాచ్‌కి ముందు దీన్ని ఫ్రీజర్లో పెడతారు తాతయ్యా. లేకపోతే ఎగిరెగిరి పడుతుంది" అన్నాడు. ఈ ముక్క అక్కడితో ఆగి ఉంటే ఈ కథే లేదు.

నాన్న రిటైరైన లెక్కల మాస్టారు. తప్పు చేసిన ఆటగాణ్ణి రెండు నిమిషాలు పక్కన బోనులో కూర్చోబెట్టడం చూడగానే సోఫాలో ముందుకి జరిగారు.

"గోడకుర్చీ! మరి కొట్టుకుంటే?"

"ఐదు నిమిషాలు."

"చాలదు" అన్నారు.

తర్వాత నా వంతు వచ్చింది. 2019 జనవరి 3 పొద్దునకి లీగ్‌లోని 31 టీముల్లో బ్లూస్‌ది ఆఖరి స్థానం. అప్పటికే కోచ్‌ని మార్చారు. కింది లీగ్ నుంచి పిలిపించిన గోల్‌కీపర్ జోర్డన్ బినింగ్టన్ జనవరి 7న మొదటిసారి మ్యాచ్ మొదటి నుంచీ నిలబడి ఒక్క గోల్ కూడా పోనివ్వలేదు. అక్కణ్ణుంచి టీము దశ తిరిగింది. నాన్న రిమోట్ తీసుకుని ఆపేశారు.

"31 అంటే గుర్తొచ్చింది. టెన్త్ క్వార్టర్లీలో నీకు లెక్కల్లో ఎన్నొచ్చాయిరా?"

మావాడు టీవీ వదిలేసి నా వైపు తిరిగాడు. ఆ పూట ఇక సినిమా సాగలేదు.

మర్నాడు సాయంత్రం మిగతా సగం. స్టాన్లీ కప్పు అనే మాట చెవినబడి అమ్మ వచ్చింది. "దానికోసం ఇంతమంది కొట్టుకోవడమెందుకురా, కోడలి దగ్గరుందిగా" అని మా ఆవిడ స్టాన్లీ కంపెనీ మంచినీళ్ల టంబ్లర్ చూపించింది. ఆ స్టాన్లీ వేరమ్మా అన్నాను. ఇది 1892లో కెనడా గవర్నర్ జనరల్ ఇచ్చిన కప్పు, పదిహేనున్నర కిలోలుంటుంది, గెలిచిన వాళ్ల పేర్లన్నీ దాని మీదే చెక్కుతారు అని చెప్పాను.

"ఓస్, మన స్టీలు సామాన్లలాగేనా" అంది. అమ్మ మాకోసం మోసుకొచ్చిన పరమాన్నం గిన్నె మీద కూడా మా పెద్దత్త పేరు, పెళ్లి తేదీ చుక్కలు చుక్కలుగా చెక్కి ఉంటాయి.

ఆ గిన్నె పొయ్యెక్కించి వచ్చి అమ్మ మా పక్కన కూర్చుంది. "ఫ్రీజర్లో బెల్లం రాయైపోయిందిరా. పచ్చడిబండతో బాదినా పగల్లేదు. కాసిని నీళ్లు పోసి అచ్చుని అలాగే పడేశాను, అదే కరుగుతుంది" అంది. ఊఁ అన్నాను. నా కళ్లు టీవీకి అతుక్కుపోయి ఉన్నాయి. అవతల బోస్టన్‌లో, బోస్టన్ టీముతో ఫైనల్ ఏడో మ్యాచ్. అప్పటికి చెరి మూడు గెలిచారు.

మొదటి పీరియడ్‌లో బోస్టన్ వాళ్లు 12 షాట్లు కొడితే బ్లూస్ కొట్టినవి నాలుగే. అయినా బినింగ్టన్ ఒక్కటీ పోనివ్వలేదు. ముందు బ్లూస్ ఆటగాడు ఒరైలీ ఒక గోల్ వేశాడు. పీరియడ్ ఇంక 7.9 సెకన్లుందనగా కెప్టెన్ పియట్రాంజెలో రెండోది కొట్టాడు. వెంటనే హారన్ చెవులు చిల్లులుపడేలా మోగింది!

నాన్న చప్పట్లు. మావాడు సోఫా మీద గెంతులు. మోత ఆగదే!

"ఎంతసేపు మోగిస్తారండీ?" అంది అమ్మ చెవులు మూసుకుని.

"ఫైనల్ కదే" అన్నారు నాన్న, అన్నీ తెలిసినట్టు.

నేనూ ఈలలు వేస్తున్నవాణ్ణే. ఇంతలో ఒక అనుమానం. హారన్ మోగించేది సొంత ఊరి టీము గోల్ కొడితేనే. బోస్టన్‌లో బయటివాళ్లు గోల్ కొడితే స్టేడియం చావింట్లోలా ఉంటుంది. మరి ఈ మోతెక్కడిది?

వెనక్కి తిరిగితే వంటింటి గుమ్మం కనబడలేదు. నల్లటి పొగ. లారీ టైరు తగలబెట్టిన కంపు.

పొయ్యి ఆర్పి, స్టూలెక్కి అలారం నోరు నొక్కి, కిటికీలన్నీ తీసేసరికి ఇంట్లో కూడా ఐస్ హాకీ ఆడుకోవచ్చన్నంత చలి. రజాయిలు కప్పుకుని నలుగురం గిన్నెలోకి తొంగిచూశాం. నీళ్లెప్పుడో ఇగిరిపోయాయి. అడుగున పక్ అతుక్కుని ఉంది.

"బెల్లం డబ్బాలోనే ఖాళీ ఉంది" అన్నాడు మావాడు నేల చూస్తూ.

"ఒకవైపు నీలంగా ఉంటే కవరు రంగు అంటిందనుకున్నాను" అంది అమ్మ. అనకాపల్లిలో పుట్టి, బెల్లం మార్కెట్ పక్క వీధిలో పెరిగిన మనిషి. ఆవిడకి జరిగిన అవమానం పొగ కన్నా ఎక్కువ మంట పెట్టినట్టుంది.

నాన్న ఇద్దరికీ చెరో రెండు నిమిషాలు వేశారు. అమ్మ ఆయన వైపు ఒక చూపు చూసేసరికి ఆవిడ శిక్ష అక్కడికక్కడే రద్దయింది.

"ఇంతకీ కప్పు వీళ్లదేనా?" అన్నారు నాన్న మాట మార్చి.

"4-1తో గెలిచారు నాన్నా. టీము పెట్టిన 1967 నుంచి అదే మొదటి కప్పు."

అంతలో దబదబా చప్పుడు. మావాడు సాక్సుల మీద హాలంతా జారుతున్నాడు. మా పెద్దత్త పేరున్న గిన్నె, అడుగున పక్‌తో సహా, రెండు చేతులతో నెత్తి మీదకెత్తి పట్టుకున్నాడు.

"ఒరేయ్, కింద పెట్టరా, పెళ్లినాటి గిన్నె!" అంటూ అమ్మ రజాయితోనే వాడి వెనక పరుగెత్తింది.