విట్‌గెన్‌స్టైన్ల ఇల్లు ఎక్కడ కూలింది?

విట్‌గెన్‌స్టైన్ అంటే మనలో చదువుకున్నవాళ్లకు గుర్తొచ్చేది ఫిలాసఫర్ లుడ్విగ్. కానీ వంద, నూటపాతికేళ్ల కింద వియన్నాలో ఆ పేరెత్తితే జనానికి ముందుగా తట్టేది ఆయన కాదు. ఉక్కు వ్యాపారంలో అంతులేని ఆస్తి కూడబెట్టిన తండ్రి కార్ల్, ఆ తర్వాత ఒంటిచేత్తో పియానో వాయించిన అన్న పాల్. మూడు తరాల్లో ఆకాశానికి ఎగిరి, ఒక్క తరంలో నేలకు దిగిపోయిన కుటుంబం ఇది. ఎందుకు దిగిపోయింది అంటే సాధారణంగా రెండు జవాబులు వినిపిస్తాయి. నాజీలు దోచుకున్నారు అనేది ఒకటి, ఆ రక్తంలోనే ఏదో పిచ్చి ఉంది, మేధావుల ఇళ్లు అంతే అనేది రెండోది. మొదటిది సగమే నిజం. రెండోదైతే మనుషుల చావులను అందమైన కథగా మార్చే మాట, నాకు అస్సలు మింగుడుపడదు.

ముందు డబ్బు సంగతి చూద్దాం, ఎందుకంటే అసలు విషయం అక్కడే తేలుతుంది. కార్ల్ తాత మోసెస్ మేయర్ జర్మనీలో సైన్-విట్‌గెన్‌స్టైన్ అనే సంస్థానాధీశుల దగ్గర భూముల వ్యవహారాలు చూసే యూదుడు. 1808లో యూదులందరూ ఇంటిపేరు పెట్టుకోవాలని నెపోలియన్ ప్రభుత్వం హుకుం జారీ చేస్తే ఆ యజమానుల పేరే తీసుకున్నాడు. ఆయన కొడుకు హెర్మన్ క్రైస్తవంలోకి మారి, ఉన్ని వ్యాపారం చేసి, కుటుంబాన్ని వియన్నాకు తెచ్చాడు. ఆ హెర్మన్ కొడుకే కార్ల్. పదిహేడేళ్ల వయసులో, 1865లో, ఇంట్లో చెప్పాపెట్టకుండా ఒక వయొలిన్ పట్టుకుని న్యూయార్క్ పారిపోయాడు. అక్కడ హోటల్లో సర్వర్‌గా, బార్‌లో పనివాడిగా, సంగీతం మాస్టారుగా రెండేళ్లు గడిపి తిరిగొచ్చాడు. తర్వాత టెప్లిట్జ్ అనే ఊళ్లో ఒక రోలింగ్ మిల్లులో (ఇనుమును పట్టాలుగా, రేకులుగా సాగదీసే కర్మాగారం) డ్రాఫ్ట్స్‌మన్‌గా చేరి, కొన్నేళ్లకే దాని డైరెక్టరయ్యాడు. 1877లో రష్యా, టర్కీల మధ్య యుద్ధం వచ్చినప్పుడు రైలు పట్టాల కాంట్రాక్టు పట్టాడు. ఆ తర్వాత ఒక్కో కంపెనీని కలుపుకుంటూ ఆస్ట్రియా-హంగరీ సామ్రాజ్యంలో ఇనుము, ఉక్కు ధరలను శాసించే స్థాయికి చేరాడు.

1898లో, అంటే యాభై దాటగానే, పదవులన్నీ వదిలేసి ఆస్తిలో పెద్ద భాగాన్ని విదేశీ షేర్లలోకి, స్థిరాస్తుల్లోకి మార్చేశాడు. ఈ ఒక్క నిర్ణయం ఎంత దూరదృష్టితో కూడుకున్నదో ఇరవై ఏళ్ల తర్వాత గానీ తెలియలేదు. మొదటి ప్రపంచ యుద్ధం ముగిసి, సామ్రాజ్యం ముక్కలై, ఆస్ట్రియా కరెన్సీ చిత్తుకాగితమైపోయి వియన్నాలో పాత ధనవంతులు ఫర్నిచర్ అమ్ముకుంటున్న రోజుల్లో, ఈ కుటుంబం కొంత పోగొట్టుకున్నా గట్టిగానే నిలబడింది. కాబట్టి డబ్బు పోయి ఈ ఇల్లు కూలింది అనడానికి లేదు, డబ్బుండగానే కూలడం మొదలైంది.

వియన్నాలో అలీగాస్సె అనే వీధిలో వాళ్ల భవనం ఉండేది. బ్రాహ్మ్స్, మాలర్, క్లారా షూమన్ లాంటి పేరున్న సంగీతకారులు అక్కడికి వచ్చేవారు. ఇంట్లో ఏడు పియానోలు ఉండేవని చెప్తారు. తల్లి లియోపోల్డిన్ ఎలాంటి స్వరలిపినైనా చూసీచూడగానే వాయించగలిగేది. వియన్నాలో కొత్తతరం చిత్రకారులు సెసెషన్ అనే ప్రదర్శన భవనం కట్టుకుంటే డబ్బు సాయంలో పెద్ద చెయ్యి కార్ల్‌దే. చిత్రకారుడు క్లిమ్ట్ 1905లో కార్ల్ చిన్నకూతురు మార్గరెట్ బొమ్మ వేశాడు. ఎనిమిదిమంది పిల్లలు పెరిగారు ఆ ఇంట్లో, అందరికీ సంగీతం మాటలతోపాటే వచ్చింది. తేడా ఏమిటంటే మాటలు మాత్రం సరిగ్గా రాలేదు. తండ్రి ముందు మనసులో ఉన్నది చెప్పగలిగిన కొడుకు ఒక్కడూ లేడు. తను చదువు ఎగ్గొట్టి అమెరికా పారిపోయి సొంతదారి వెతుక్కున్న మనిషి, కొడుకులకు మాత్రం ఉక్కు, లెక్కలు తప్ప వేరే దారి లేదన్నాడు. పెద్ద పిల్లలను బడికి కూడా పంపలేదు, ఇంట్లోనే ట్యూటర్లు.

పెద్దవాడు హాన్స్‌కు పుట్టుకతోనే సంగీతం అబ్బింది, సంగీతకారుడే అవుతానన్నాడు. తండ్రి ఒప్పుకోలేదు. హాన్స్ అమెరికా వెళ్లి 1902లో కనిపించకుండా పోయాడు, ఆత్మహత్యేనని కుటుంబం అనుకుంది. రెండేళ్లకు ఇంకో కొడుకు రూడీ బెర్లిన్‌లో ప్రాణం తీసుకున్నాడు, ఇరవై రెండేళ్లు. ఆ తర్వాత ఇంట్లో అతని పేరెత్తకూడదని తండ్రి ఆంక్ష పెట్టాడని చెప్తారు. మరో కొడుకు కుర్ట్ 1918లో, యుద్ధం ముగుస్తున్న రోజుల్లో, ఇటలీ సరిహద్దు యుద్ధరంగంలో తనను తాను కాల్చుకున్నాడు, కారణం ఇప్పటికీ ఎవరూ గట్టిగా చెప్పలేరు. పెద్దక్క హెర్మినె తర్వాత రాసిన కుటుంబ జ్ఞాపకాల్లో తల్లిదండ్రులకూ పిల్లలకూ మధ్య ఉన్న ఈ దూరం తలచుకుని బాధపడింది. హాన్స్ పోయే సరికి కార్ల్ కాస్త మెత్తబడ్డ మాట నిజమే, పాల్‌నీ లుడ్విగ్‌నీ బయట స్కూళ్లలో వేశాడు. (లుడ్విగ్ చదివిన లింజ్ స్కూల్లోనే హిట్లర్ కూడా చదివాడని చాలామంది కథలు అల్లుతారు. ఇద్దరూ 1889 ఏప్రిల్‌లో ఆరు రోజుల తేడాతో పుట్టారు, కొంతకాలం ఒకే స్కూల్లో ఉన్నారు, అంతే. ఒకరికొకరు తెలుసనడానికి ఆధారం లేదు.)

ఈ ఇంటి అసలు స్వభావం తెలియాలంటే నన్నడిగితే పాల్‌ని చూడాలి. 1913 డిసెంబర్‌లో మొదటి కచేరీ చేశాడు. ఏడాది తిరగకముందే, 1914 ఆగస్టులో, రష్యా సరిహద్దులో గాయపడి కుడిచెయ్యి పోయింది, బందీగా సైబీరియాలోని ఓమ్‌స్క్ చేరాడు. అక్కడ ఒక ఖాళీ చెక్కపెట్టె మీద బొగ్గుతో పియానో మెట్లు గీసుకుని, ఎడమచేతి వేళ్లతో ఆ చెక్కను కొడుతూ గంటలకొద్దీ సాధన చేశాడు. శబ్దం రాని పియానో అది. రెండు చేతుల కోసం రాసిన సంగీతాన్ని ఐదు వేళ్లతో ఎలా పలికించాలో తలలోనే వింటూ లెక్కలు కట్టాడు. తిరిగొచ్చాక తండ్రి డబ్బుతో యూరప్‌లో పేరున్న స్వరకర్తలందరి చేతా ఎడమచేతి కోసమే కొత్త రచనలు చేయించుకున్నాడు. రవెల్ రాసిన ఎడమచేతి కాన్చెర్టో (ఆర్కెస్ట్రాతో కలిసి వాయించే రచన) అలా పుట్టిందే. అయితే ఆయన స్వరాలను పాల్ తనకు తోచినట్టు మార్చి వాయించడంతో ఇద్దరికీ చెడింది. ప్రోకోఫియెవ్ రాసి పంపిన దాంట్లో ఒక్క స్వరం కూడా అర్థం కాలేదని చెప్పి, డబ్బిచ్చి, పక్కన పెట్టేశాడు. హిండెమిత్ రాసింది తను వాయించలేదు, ఇంకొకరిని వాయించనివ్వలేదు. పాల్ భార్య కూడా పోయాక ఇంట్లో దొరికితే 2004లో బెర్లిన్‌లో మొదటిసారి జనం విన్నారు. అంత పట్టుదల, అంత మొండితనం, రెండూ ఒకే మనిషిలో. తండ్రిని అచ్చుగుద్దినట్టు దింపాడు.

లుడ్విగ్ కూడా తక్కువవాడు కాదు. 1919లో తన వాటా మొత్తం అక్కలు హెర్మినె, హెలెనలకు, అన్న పాల్‌కు రాసిచ్చి పల్లెటూళ్లో బడిపంతులుగా వెళ్లాడు. తర్వాత మార్గరెట్ కోసం వియన్నాలోనే కుండ్‌మన్‌గాస్సె వీధిలో ఇల్లు కడుతూ, పని దాదాపు అయిపోయాక ఒక హాలు పైకప్పును మూడు సెంటీమీటర్లు పైకి లేపించాడు. తివాచీలు లేవు, పరదాలు లేవు, బల్బులకు కప్పులు లేవు. తనలాంటి మామూలు మనిషికి కాదు, దేవతలకు కట్టినట్టుందని హెర్మినె రాసింది. ఆ మాటలో మెచ్చుకోలు ఎంతుందో భయం అంత ఉంది.

ఇక 1938. ఆస్ట్రియాను హిట్లర్ కలిపేసుకున్నాక, తరాలుగా క్రైస్తవులుగా బతికిన ఈ తోబుట్టువులు ఒక్కరోజులో యూదులైపోయారు. నలుగురు తాతామామ్మల్లో ముగ్గురు యూదుల పుట్టుక అయితే యూదులే అని చట్టం. పాల్‌కు యూదురాలు కాని హిల్డె వల్ల ఇద్దరు పిల్లలు, అది నాజీ చట్టంలో నేరం. వెంటనే స్విట్జర్లాండ్ మీదుగా అమెరికా వెళ్లిపోయాడు, అక్కలనూ వచ్చెయ్యమన్నాడు. హెర్మినె, హెలెన కదలలేదు. ఇల్లు, సమాధులు, అలవాటైన జీవితం వదిలి ఈ వయసులో ఎక్కడికి పోతాం అన్నది వాళ్ల ఆలోచన. దొంగ యుగొస్లావ్ పాస్‌పోర్టులకు ప్రయత్నించి అరెస్టయ్యారు కూడా. చివరికి మిగిలిన దారి తాత హెర్మన్‌ను ఒక రాజవంశీకుడి అక్రమ సంతానంగా, ఆర్యుడిగా ఒప్పించడం. దానికి నాజీలు అడిగింది రుజువు కాదు, స్విట్జర్లాండ్‌లో కుటుంబానికున్న ఆస్తి. పాల్ అంత ఇవ్వడానికి ఒప్పుకోలేదు. అమెరికా పౌరురాలైన మార్గరెట్ ఇచ్చేయమని ఒత్తిడి చేసింది. లుడ్విగ్ బెర్లిన్, వియన్నా, న్యూయార్క్ తిరిగి మాట్లాడాడు. చివరికి 1.7 టన్నుల బంగారం రైష్‌బ్యాంక్‌కు, అంటే నాజీ జర్మనీ కేంద్ర బ్యాంకుకు, పోయింది. 1939 ఆగస్టు 30న, యుద్ధానికి రెండు రోజుల ముందు, హెర్మన్ తాత ఆర్యుడేనని కాగితం వచ్చింది, అక్కలు బతికారు.

ఆస్ట్రియాలో సుమారు 65 వేలమంది యూదులను నాజీలు చంపారు, వాళ్లెవరికీ ఇలా కొనుక్కునే కాగితం లేదు. ఇది మర్చిపోయి ఈ కుటుంబాన్ని మాత్రమే తలచుకుని కన్నీరు పెట్టుకోవడం నాకు చేతకాదు. అయినా పాల్‌ది తప్పా, అక్కలది తప్పా అంటే, వెళ్లిపోదాం అన్నప్పుడు పాల్ మాటే సరైనది. కానీ వాళ్లు వెళ్లరని తేలిపోయాక, మనుషుల ప్రాణం మీదికి వచ్చినప్పుడు, ఎంత ఇవ్వాలన్న దగ్గర అంత బిగుసుకోవడాన్ని నేను సమర్థించలేను. ఆస్తి ఇచ్చేయమన్న ఆ ఒత్తిడిని పాల్ క్షమించలేదు, అక్కలతో మళ్లీ కలవలేదు. 1949లో కచేరీల కోసం వియన్నా వచ్చాడు, అదే ఊళ్లో హెర్మినె జబ్బుతో చివరి రోజుల్లో ఉన్నా వెళ్లి చూడలేదు. ఆమె మరుసటి ఏడాది పోయింది, ఆయన 1961లో అమెరికాలో పోయాడు. అలీగాస్సె భవనాన్ని 1950ల్లో కూల్చేశారు. చిన్నప్పటి నుంచీ ఒకే గదిలో పక్కపక్కన కూర్చుని బ్రాహ్మ్స్ వాయించుకున్న ఈ తోబుట్టువులు, ఆస్తి తగువు వచ్చేసరికి, లాయర్లు మధ్యలో లేకుండా ఒకరితో ఒకరు మాట్లాడుకోలేకపోయారు.