‘ట్రూమన్ ఎప్పుడైనా వెళ్ళిపోవచ్చు’ అన్నదెవరు?

పాత సినిమా ఒకటి పట్టుకుని, అందులో న్యాయం విలన్‌దేననీ హీరోయే తొందరపడ్డాడనీ తిరగేసి చెప్పడానికి ఈమధ్య మంచి గిరాకీ ఉంది. ‘ది ట్రూమన్ షో’ మీద అలాంటి వాదన ఒకటి వాట్సాప్‌లో, ఫేస్‌బుక్‌లో ఏళ్ళ తరబడి తిరుగుతూనే ఉంది. దాని సారాంశం ఇది. హీరో ట్రూమన్ ఉండే సీహేవెన్ అనే ఊళ్ళో నేరాల్లేవు, భయాల్లేవు. ఎవరికీ అక్కర్లేని బిడ్డకు ఇల్లు, ఉద్యోగం, భార్య, ప్రాణస్నేహితుడు అన్నీ అమర్చిపెట్టారు. ఎవరూ అతణ్ణి కట్టేసి ఉంచలేదు, కావాలంటే ఎప్పుడైనా వెళ్ళిపోవచ్చు. బయట మాత్రం అబద్ధాలు లేవా? మనమూ కెమెరాల మధ్యే బతుకుతున్నాం కదా? కాబట్టి స్వర్గాన్ని కాలదన్నుకుని పోయిన వెర్రివాడు ట్రూమన్.

చూడనివాళ్ళ కోసం కథ రెండు ముక్కల్లో. 1998లో వచ్చిన ఈ సినిమాను ఆండ్రూ నికోల్ రాస్తే పీటర్ వియర్ తీశాడు. ట్రూమన్ (జిమ్ క్యారీ) ఇన్సూరెన్స్ ఆఫీసులో పనిచేసే మామూలు మనిషి, వయసు 30కి అటూ ఇటూ. అతనికి తెలియనిదల్లా ఒక్కటే. తన ఊరు ఓ పెద్ద గోపురం కింద వేసిన సెట్టు, ఆకాశం గోడకు పూసిన రంగు, పక్కింటాయన నుంచి పెళ్ళాం దాకా అందరూ జీతానికి నటిస్తున్నవాళ్ళు. 5000 కెమెరాలు అతని బతుకును పుట్టిన క్షణం నుంచి లోకమంతటికీ లైవ్‌లో చూపిస్తుంటాయి. ఈ షో సృష్టికర్త క్రిస్టాఫ్ (ఎడ్ హ్యారిస్) చంద్రుడి లోపల కంట్రోల్ రూమ్ పెట్టుకుని ఎండనూ వాననూ మనుషులనూ నడిపిస్తుంటాడు.

ముందుగా ఆ ‘ఎప్పుడైనా వెళ్ళిపోవచ్చు’ సంగతి చూద్దాం. మిగతా వాదనంతా దాని మీదే నిలబడింది. అది సినిమాలో క్రిస్టాఫ్ చెప్పే మాటే. ట్రూమన్‌ను వదిలిపెట్టమని ఫోన్ చేసి నిలదీసిన సిల్వియాకు (ఒకప్పుడు షోలో ఉండి, ట్రూమన్ మనసు దోచుకున్న అమ్మాయి), టీవీ ఇంటర్వ్యూలో కూర్చుని, ఇంచుమించు ఇదే జవాబు చెబుతాడు. అతను నిజంగా గట్టిగా అనుకుంటే ఆపడం మా తరం కాదు అంటాడు. ముద్దాయి చెప్పుకున్న మాటను తీర్పుగా రాసుకుంటే ఎలా?

తెర మీద జరిగేది వేరు. ట్రూమన్ ఫిజీ టికెట్ కోసం ట్రావెల్ ఏజెన్సీకి వెళ్తే, అక్కడ గోడ మీద పిడుగు పడ్డ విమానం పోస్టరు ఉంటుంది, ఇది మీకూ జరగొచ్చు అన్న హెచ్చరికతో. టికెట్ అమ్మే చోట ఆ పోస్టరు ఎవరు పెడతారు! విమానంలో సీట్లు లేవంటారు. సరే బస్సెక్కుతాడు, బస్సు చెడిపోతుంది. అసలు ఆ డ్రైవర్‌కు బస్సు నడపడమే రాదు, అతను నటుడు. కారెక్కితే ఎక్కడినుంచో ట్రాఫిక్ జామ్ ఊడిపడుతుంది. దాన్నీ దాటితే దారికడ్డంగా మంటలు. మంటల్నీ దాటితే అణు విద్యుత్ కేంద్రంలో లీకేజీ. అక్కడ డ్యూటీలో ఉన్నవాడు, ఎన్నడూ చూడనివాడు, నోరుజారి ‘ట్రూమన్’ అని పేరు పెట్టి పిలిచేస్తాడు. ఆ తర్వాత రక్షణ దుస్తులు తొడుక్కున్న మనుషులు వెంటపడి పట్టుకుని ఇంటికి చేరుస్తారు. తాళం వేయలేదు, నిజమే. తలుపు దాకా పోయే దారులన్నీ తవ్వేశారు, అంతే.

ఇవి పైకి కనపడే అడ్డంకులు. లోపలి అడ్డంకి వీటికన్నా నీచమైనది. సీహేవెన్ ఒక దీవి. అందులోంచి బయటపడాలంటే నీళ్ళు దాటాలి. కాబట్టి పిల్లవాడికి నీళ్ళంటే భయం పుట్టాలి. అందుకని తండ్రి పాత్రను, ఇద్దరూ పడవలో ఉండగా, కొడుకు కళ్ళముందే తుఫానులో ముంచేశారు. తన వల్లే నాన్న పోయాడన్న బరువుతో ఆ పిల్లవాడు పెద్దవాడయ్యాడు. బడిలో, మెజెల్లన్‌లా ప్రపంచం చుట్టి రావాలనుంది టీచర్ అంటే, ఆవిడ గోడమీది మ్యాపు కిందికి లాగి, ఆలస్యమైపోయింది నాయనా, ఇక కనిపెట్టడానికేం మిగల్లేదు అంటుంది. నాకు ఆ సీన్ చూసినప్పుడల్లా తుఫాను కన్నా ఆ మ్యాపే ఎక్కువ భయపెడుతుంది. ఇంత చేసి, ‘చూశారా, వాడికే వెళ్ళాలని లేదు’ అనడం ఏనుగు పిల్లకు గొలుసు అలవాటు చేసి, పెద్దయ్యాక తాడుకే ఆగింది కదా అన్నట్టుంది.

ఇక్కడే ‘సీహేవెన్‌లో భయం లేదు’ అన్న రెండో మాట కూడా తేలిపోయింది. ఆ ఊళ్ళో భయం లేకపోవడమేమిటి, ఊరు నడిచే ఇంధనమే అది. దొంగలూ హంతకులూ లేరు, ఒప్పుకుంటాను. కానీ చివర్లో ట్రూమన్ పడవెక్కి పారిపోతుంటే, వెనక్కి మళ్ళించడానికి తుఫాను పెంచమన్నది ఎవరు? ప్రాణం పోతుందని కంట్రోల్ రూమ్‌లో పక్కవాళ్ళు వద్దంటున్నా, పుట్టుక లైవ్‌లో చూపించాం కదా అన్న ధోరణిలో గాలి ఇంకా పెంచిందెవరు? ఆ ఊళ్ళో హత్యాయత్నం చేసినవాడు ఒక్కడే, వాడు చంద్రుడిలో ఉంటాడు.

ఇరుగుపొరుగు ఎంత మంచివాళ్ళో అని కూడా ఆ పోస్టులు మురిసిపోతాయి. ట్రూమన్ కనపడకుండా పోయిన రాత్రి గుర్తు తెచ్చుకోండి. రోజూ పొద్దున్నే నవ్వుతూ పలకరించే ఆ మనుషులే చేతులు కలిపి వరసకట్టి వీధులన్నీ గాలిస్తారు. చంద్రుడు సెర్చ్‌లైట్ అవుతాడు. అది కూడా చాలక, వేళ కాకుండానే సూర్యుణ్ణి పైకి లేపుతారు.

అనాథ వాదన కాస్త బరువైనదే, దాన్ని కొట్టిపారేయను. దిక్కులేని బిడ్డకు నీడ దొరకడం చిన్న విషయం కాదు. కానీ ఎలా దొరికింది? పుట్టబోతున్న, ఎవరికీ అక్కర్లేని ఆరుగురు బిడ్డల్లో ప్రసారం తేదీకి సరిగ్గా అందివచ్చినవాడు ట్రూమన్. క్రిస్టాఫే ఆ సంగతి గర్వంగా చెప్పుకుంటాడు. బిడ్డను దత్తత తీసుకున్నది మనిషి కాదు, కంపెనీ. ఆ కార్యక్రమం రాబడి ఓ చిన్న దేశం జాతీయోత్పత్తితో సమానమని సినిమాలోనే చెబుతారు. మధ్యలో వ్యాపార ప్రకటనల విరామం ఉండదు కాబట్టి తెరమీద కనపడే ప్రతి వస్తువూ అమ్మకానికే. పెంపుడు తండ్రి బిడ్డకు అన్నం పెడతాడు. ఇక్కడ బిడ్డను చూపించి కోకో పొడి అమ్ముకున్నారు.

ఆ కోకో సీన్‌తో భార్య సంగతికి వద్దాం. ట్రూమన్ గుండె బద్దలై అడగాల్సినవన్నీ అడుగుతుంటే, మెరిల్ (లారా లిన్నీ) ముఖాన నవ్వు పులుముకుని కొత్త కోకో డ్రింక్ గుణాలు వర్ణిస్తుంది. ఎవరితో మాట్లాడుతున్నావ్ నువ్వు అని అతను అడుగుతాడు. పాపం, చాలా మంచి ప్రశ్న. కాసేపటికి గొడవ ముదిరితే ఆమె భయపడి, గదిలో లేని ఎవరినో ఉద్దేశించి, ఏదైనా చేయండి అని అరుస్తుంది. ఆమెను కూడా విలన్ని చేయలేం. పెళ్ళిఫోటోలో ఆమె వేళ్ళు మెలిపెట్టి ఉంటాయి, అంటే ఆ ప్రమాణం ఉత్తుత్తిదని. ఇష్టంలేని మనిషితో ఏళ్ళ తరబడి కాపురం నటించాలి, పైగా క్రిస్టాఫ్‌కు టీవీ చరిత్రలో తొలిసారి లైవ్‌లో గర్భధారణ కావాలి. స్వర్గం అంటున్నవాళ్ళు మెరిల్ వైపు నుంచి ఒక్కసారి లెక్క వేసి చూడాలి.

స్నేహితుడు మార్లన్ సంగతి ఇంకా కష్టం. చిన్నప్పటినుంచీ పక్కనున్నవాడు, కళ్ళలో నీళ్ళతో, నేను నీకు చచ్చినా అబద్ధం చెప్పను అంటాడు. అదే క్షణంలో ఆ వాక్యం క్రిస్టాఫ్ నోటినుంచి అతని చెవిలోని ఇయర్‌ఫోన్‌లోకి వస్తున్నట్టు కెమెరా మనకు చూపిస్తుంది. ఆ ఊళ్ళో ట్రూమన్‌కు దక్కిన నిజమైన మనిషి సిల్వియా ఒక్కతే. నోరు విప్పినందుకు ఆమెను లాక్కెళ్ళి షోలోంచి తీసేశారు. ఫ్యాషన్ పత్రికల్లో ఒకరి కళ్ళు, ఒకరి పెదవులు కత్తిరించి అతికించుకుంటూ ఆమె ముఖాన్ని రహస్యంగా కూడగట్టుకుంటాడతను. సుఖపడుతున్న మనిషి చేసే పనేనా అది?

మనమూ కెమెరాల మధ్యే ఉన్నాం అన్న వాదన మీద ఎక్కువసేపు ఆగక్కర్లేదు. మన తెలుగులో 2017 నుంచి బిగ్‌బాస్ నడుస్తోంది. అందులోకి వెళ్ళేవాళ్ళు సంతకం పెట్టి, పారితోషికం మాట్లాడుకుని, కెమెరాలున్నాయని తెలిసి వెళ్తారు. ట్రూమన్‌ను ఎవరూ అడగలేదు.

ఈ సందర్భంలో ‘మాయాబజార్’ (1957) గుర్తురాక మానదు. మగపెళ్ళివారి కోసం ఘటోత్కచుడు కట్టించిందీ అబద్ధపు నగరమే, అందులో తిరిగేవాళ్ళూ వేషగాళ్ళే. మరి దాన్ని చూసి మనకు నవ్వెందుకొస్తుంది? అక్కడ మోసపోతున్నది మోసం చేయడానికి వచ్చినవాళ్ళు, పైగా ఆ మాయ ఒక్క పెళ్ళితో ముగిసిపోతుంది. చివర సత్యపీఠం ఎక్కిన శకుని తన కుట్రంతా తన నోటితోనే కక్కేస్తాడు. సీహేవెన్‌లో ఒక పసివాణ్ణి 30 ఏళ్ళు మాయలో ఉంచారు. సత్యపీఠం లాంటిది పొరపాటున కూడా అతని దారిలో పడకుండా చూశారు. ఆకాశం నుంచి ఓ లైటు ఊడి ఇంటిముందు పడితే, విమానంలోంచి ఏవో భాగాలు రాలాయని రేడియోలో వెంటనే కథ అల్లి వినిపించారు.

బయట మాత్రం నిజముందా అన్న చివరి వాదన కూడా క్రిస్టాఫ్ దగ్గర అప్పు తెచ్చుకున్నదే. బయటా ఇవే అబద్ధాలు, ఇదే మోసం, నా లోకంలో మాత్రం నీకు భయం లేదు అని ఆకాశంలోంచి చెబుతాడు. అతని తుఫానులో మునిగి తేలిన మనిషి ఒంటిమీద బట్టలింకా ఆరనేలేదు! బయట అబద్ధాలున్నాయి, కాదనను. కానీ ఒకడు అబద్ధం చెబితే ఇంకొకణ్ణి అడిగి తేల్చుకునే వీలుంది, ఎందుకంటే ఇద్దరికీ జీతమిచ్చేది ఒకే మనిషి కాదు. ఇంకెవరో, తెలిసినా సరే నేనైతే లోపలే ఉంటాను అంటారు. ఉండండి. ‘ది మేట్రిక్స్’ (1999)లో కంప్యూటర్లు అల్లిన మాయాలోకం నుంచి బయటపడ్డ సైఫర్ కూడా, తిరిగి ఆ మాయలో తాను తింటున్న మాంసం ముక్క ఉత్తదని తెలిసే అదే కావాలంటాడు. అందుకోసం తోటివాళ్ళ ప్రాణాలు అమ్ముతాడు, అది వేరే కథ. అతనికి రెండు వైపులా తెలుసు. ట్రూమన్‌కు రెండోవైపు ఉందని తెలిసింది, పడవ మొన ఆకాశానికి గుచ్చుకుని చిల్లు పడ్డప్పుడు.

వెళ్ళాక ఏమయ్యాడని కొందరు పట్టుబట్టి అడుగుతారు. సినిమా చూపించలేదు. వంగి నమస్కరించి ఆ నల్లటి తలుపులోకి అడుగుపెడతాడు. ప్రేక్షకులు కేరింతలు కొడతారు, సిల్వియా గబగబా ఇంట్లోంచి పరుగు తీస్తుంది. 30 ఏళ్ళ షో అయిపోయిన మరుక్షణం పార్కింగ్ దగ్గరి ఇద్దరు గార్డులు, ఇంకేం వస్తోందో చూద్దామని టీవీ గైడ్ కోసం వెతుక్కుంటారు.