నలాక్సోన్ ఆసుపత్రి దాటి వీధిలోకి రావాలి

బ్రౌన్ షుగర్ గానీ, నొప్పి తగ్గడానికి ఇచ్చే మత్తు టాబ్లెట్లు గానీ మోతాదు మించి తీసుకున్నవాడి ప్రాణం ఎలా పోతుందో మన ఇళ్లలో చాలామందికి తెలియదు. కేకలు ఉండవు, గిలగిలా కొట్టుకోవడం ఉండదు. ఊపిరి నెమ్మదిస్తుంది, పెదాలు, గోళ్లు నీలంగా మారతాయి, కంటిపాప గుండుసూది తలంత అయిపోతుంది, గొంతులోంచి గరగరమని శబ్దం వస్తుంది. పక్కగదిలో ఉన్న తల్లికి అది గురకలాగే వినిపిస్తుంది, రాత్రి డ్యూటీ చేసి అలిసిపోయాడు, లేపొద్దులే అనుకుంటుంది. స్నేహితుల దగ్గర పడిపోతే ఇంకో రకం ప్రమాదం: ముఖాన నీళ్లు కొడతారు, నోట్లో మజ్జిగో, నిమ్మరసమో పోస్తారు. స్పృహ లేనివాడి నోట్లో ఏం పోసినా ఊపిరితిత్తుల్లోకి పోయే ప్రమాదం ఉంది. ఊపిరి పూర్తిగా ఆగితే నాలుగైదు నిమిషాల్లోనే మెదడు దెబ్బతినడం మొదలవుతుంది.

దీనికి విరుగుడు ఉంది. పేరు నలాక్సోన్. అమెరికాలో 1971లోనే అనుమతి వచ్చిన పాత మందు, ప్రపంచ ఆరోగ్య సంస్థ అత్యవసర మందుల జాబితాలోనూ, మన దేశపు జాబితాలోనూ ఉంది. మెదడులో మత్తుమందు అతుక్కున్న చోటు నుంచి దాన్ని నెట్టేసి ఆ చోట తను కూర్చుంటుంది, దాంతో రెండు మూడు నిమిషాల్లో ఊపిరి తిరిగి అందుకుంటుంది. ఒక మిల్లీలీటరు గాజు ఆంపూల్‌లో 0.4 మిల్లీగ్రాముల మందు ఉంటుంది, ఆంపూల్ మెడ విరిచి, సిరంజిలోకి లాగి తొడ కండకి పొడిస్తే చాలు, నరం వెతకక్కర్లేదు. ముక్కులో కొట్టే స్ప్రే అయితే ఇంకా తేలిక, పదో తరగతి పిల్లాడికి నేర్పినా వచ్చేస్తుంది. మత్తుమందు తీసుకోని మనిషికి పొరపాటున ఇచ్చినా హాని జరగదు. ఇది అలవాటయ్యే మందు కూడా కాదు.

మరి మన దక్షిణ ఒడిశాలో ఎక్కడుంది? పెద్దాసుపత్రి క్యాజువాలిటీలో ఉంది, ఆపరేషన్ థియేటర్లో ఉంది. మెడికల్ షాపులో డాక్టర్ చీటీ లేకుండా ఇవ్వరు, అసలు చాలా షాపుల్లో స్టాకే ఉండదు. బరంపురంలో ఎంకేసీజీ మెడికల్ కాలేజీ ఉంది కాబట్టి పట్నంవాళ్లకి కొంత నయం. కాశీనగర్‌లోనో, మోహన దగ్గర కొండ ఊళ్లోనో, గుణుపూర్ అవతలో రాత్రి పదకొండింటికి కుర్రాడు పడిపోతే 108 ఎంత తొందరపడి వచ్చినా ఆ నాలుగైదు నిమిషాల్లో రాగలదా?

మన జిల్లాల్లో మత్తు అనగానే అందరికీ గుర్తొచ్చేది గంజాయి. కొరాపుట్, మల్కన్‌గిరి కొండల నుంచి దిగిన బస్తాలు పట్టుబడ్డాయని వార్తలు, ఫోటోలు వస్తూనే ఉంటాయి. గంజాయికీ, సారాకీ, నిద్రమాత్రలకీ, పురుగుమందుకీ నలాక్సోన్ పనిచేయదు. అది నల్లమందు జాతి మందులకి మాత్రమే విరుగుడు: హెరాయిన్, బ్రౌన్ షుగర్, మార్ఫిన్, ట్రమడాల్, కోడీన్ దగ్గుమందు లాంటివి. బస్తాల ఫోటోల వెనకాల ఈ రెండో రకం వాడకం ఎవరికీ కనపడకుండా ఉండిపోతోంది, చేతి గుప్పెట్లో ఇమిడే పొట్లానికి ఫోటో ఏం ఉంటుంది? కేంద్ర సామాజిక న్యాయ శాఖ కోసం ఎయిమ్స్ చేసి 2019లో బయటపెట్టిన సర్వే ప్రకారం దేశంలో ఈ జాతి మందులు వాడేవాళ్లు సుమారు 2.26 కోట్ల మంది. అది ఏ పంజాబ్‌కో, మణిపూర్‌కో పరిమితమైన గొడవ అనుకోవడానికి లేదు.

ఇంకో మాట, ఇది చాలా ముఖ్యం. అందరికంటే ఎక్కువ ప్రమాదంలో ఉండేది రోజూ వాడేవాడు కాదు, కొన్నాళ్లు మానేసి మళ్లీ తీసుకున్నవాడు. డీ-అడిక్షన్ సెంటర్ నుంచో, జైలు నుంచో బయటికొచ్చాక ఒంటికి పాత తట్టుకునే శక్తి పోయి ఉంటుంది, వాడేమో పాత మోతాదే వేసుకుంటాడు. అంటే కొడుకు బాగుపడి వచ్చాడని ఇంట్లో సంతోషపడే ఆ వారాలే అత్యంత ప్రమాదకరమైనవి. సెంటర్ నుంచి ఇంటికి పంపేటప్పుడు చేతిలో పెట్టే మందుల కవరులో ఒక నలాక్సోన్ కూడా పెట్టి, అమ్మకో, అన్నకో, పెళ్లానికో ఎలా ఇవ్వాలో అక్కడే నేర్పి పంపాలి. ఇందులో కష్టమేముంది?

ఇలా చేస్తే భయం పోయి ఇంకా ఎక్కువ వాడతారని కొందరు పెద్దలు అంటారు. వాళ్ల ఆందోళన మాకు అర్థమవుతుంది, కానీ నలాక్సోన్ ఎక్కగానే వాడిన మనిషికి మత్తంతా ఒక్కసారిగా దిగిపోయి, వాంతులు, వణుకు, ఒళ్లంతా నొప్పులు వస్తాయి. ఎవరూ సరదాకి కోరుకునే అనుభవం కాదది. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2014లోనే, పక్కన ఉండే అవకాశమున్న మామూలు మనుషుల చేతికి ఈ మందు ఇవ్వాలని సిఫార్సు చేసింది. ఆస్ట్రేలియా 2022 జులై నుంచి దేశమంతటా చీటీ లేకుండా ఉచితంగా ఇస్తోంది. అమెరికా 2023లో స్ప్రేని కౌంటర్ మీద అమ్మడానికి ఒప్పుకుంది. అక్కడ 2023లో దాదాపు 1.1 లక్షలున్న ఓవర్‌డోస్ చావులు 2024లో 80 వేలకి దిగాయి, దానికి కారణాలు చాలా ఉన్నా ఈ మందు జనం చేతికి రావడం వాటిలో ఒకటని అక్కడి అధికారులే చెబుతున్నారు.

మందు ఒక్కటే అందుబాటులో ఉంటే చాలదు, పోలీసు భయం కూడా పోవాలి. ఫ్రెండ్ పడిపోతే పక్కనున్నవాళ్లు 108కి ఫోన్ చేయకుండా పారిపోతున్నారంటే అది కేసు టెన్షన్‌తోనే. తనంతట తాను చికిత్సకి వచ్చిన బాధితుడికి మత్తుమందుల నిరోధక చట్టం (ఎన్‌డీపీఎస్) 64ఏ సెక్షన్ కొంత రక్షణ ఇస్తుంది, ఫోన్ చేసిన స్నేహితుడికి మాత్రం అలాంటి భరోసా లేదు. రోడ్డు ప్రమాదంలో గాయపడ్డవాణ్ని ఆసుపత్రికి చేర్చినవాళ్లని వేధించకూడదని మోటారు వాహనాల చట్టంలో 2019లో సవరణ తెచ్చుకున్నాం. అదే భరోసా ఇక్కడా ఇవ్వాలి. చట్టం మారేదాకా ఆగకుండా, ప్రాణం కాపాడమని ఫోన్ చేసినవాళ్ల మీద కేసు పెట్టొద్దని గంజాం, గజపతి, రాయగడ జిల్లాల ఎస్పీలు తమ స్టేషన్లకి స్పష్టంగా చెప్పాలి.

ప్రభుత్వాన్ని మేము అడిగేది ఇదీ. ప్రతి పీహెచ్‌సీలో, ప్రతి 108 బండిలో, ఆశా దీదీల సంచిలో నలాక్సోన్ ఉండాలి. మెడికల్ షాపులో చీటీ లేకుండా దొరకాలి. శిక్షణ, కరపత్రాలు ఒడియాతో పాటు తెలుగులోనూ, సవర లాంటి కొండ భాషల్లోనూ ఉండాలి, ఎందుకంటే అర్ధరాత్రి కంగారులో కాగితం చదివేది ఇంట్లోవాళ్లే.

మందు చేతికొచ్చే వరకూ ఇవి గుర్తుంచుకోండి. లేపినా లేవకపోతే, గుండె మధ్య ఎముక మీద పిడికిలితో గట్టిగా రుద్దండి. అప్పటికీ కదలకపోతే 108కి ఫోన్ చేయండి. నోట్లో ఏమీ పోయొద్దు. ఊపిరి ఆడుతుంటే పక్కకి తిప్పి పడుకోబెట్టండి, ఆడకపోతే ముక్కు మూసి నోటితో ఊపిరి ఊదండి. నలాక్సోన్ దొరికి మనిషి లేచి కూర్చున్నా సరే, ఆసుపత్రికి తీసుకెళ్లాల్సిందే. ఆ మందు ప్రభావం 30 నుంచి 90 నిమిషాలే ఉంటుంది, లోపలి మత్తు అంతకంటే ఎక్కువసేపు ఉండొచ్చు. మానేయాలనుకునేవాళ్లకి 14446 హెల్ప్‌లైన్ ఉంది.