ఆ గొంతులన్నీ మెల్ బ్లాంక్‌వి కావు

కార్టూన్ల అభిమానుల్లో ఏళ్ల తరబడి తిరుగుతున్న మాట ఒకటుంది. బగ్స్ బన్నీ, డాఫీ డక్, ట్వీటీ మొదలుకుని వార్నర్ బ్రదర్స్ కంపెనీ కార్టూన్లు లూనీ ట్యూన్స్‌లో వినిపించే గొంతులన్నీ మెల్ బ్లాంక్ ఒక్కడివేనట. కార్టూన్ మొదట్లో పేర్లు పడే టైటిల్ కార్డే సాక్ష్యమట. ఆడ గొంతు కావాల్సి వస్తే జూన్ ఫోరే అనే ఆవిడ వచ్చేదట, ఆవిడ ‘ఆడ మెల్ బ్లాంక్’ అట. ఇందులో నిలబడే మాట ఒకటుంది: బ్లాంక్ మహా కళాకారుడు. దాంతో నాకు పేచీ లేదు. మిగతాదాంతోనే ఉంది.

ముందు టైటిల్ కార్డు సంగతి. జీతం పెంచమని అడిగితే నిర్మాత లియాన్ ష్లెసింజర్ పెంచనన్నాడనీ, దానికి బదులు తెర మీద పేరు వేయిస్తానని ఒప్పుకున్నాడనీ బ్లాంకే చెప్పుకున్నాడు. అలా 1940ల నడిమి నుంచి గొంతుల కింద ఆయన పేరొక్కటే పడటం మామూలైపోయింది. బగ్స్ బన్నీని వేటాడే ఎల్మర్ ఫడ్‌కి 1959లో కన్నుమూసేదాకా గొంతిచ్చింది ఆర్థర్ క్యూ. బ్రయన్. ట్వీటీని పెంచే బామ్మకి మొదట బీ బెనడెరెట్, 1955 నుంచి ఫోరే. జుట్టు రేగిన మంత్రగత్తె విచ్ హేజెల్‌కి కూడా 1956 నుంచి ఫోరేయే. వీళ్ల పేర్లు చాలా కార్టూన్లలో కనపడవు. అయినా టైటిల్స్‌లో పేరు లేదు కాబట్టి పని చేయలేదనుకునేంత అమాయకులమా మనం? పరాయి గొంతుతో మాట్లాడే కథానాయికలను చూస్తూనే పెరిగాం కదా!

ఇక ‘ఆడ మెల్ బ్లాంక్’. ఆయన దారి వేస్తే ఆవిడ వెనకాల నడిచినట్టు ధ్వనిస్తుంది ఈ బిరుదు. తేదీలు చూస్తే ఆ మాట తేలిపోతుంది. ఫోరే 1917 సెప్టెంబర్ 18న మసాచుసెట్స్ రాష్ట్రం స్ప్రింగ్‌ఫీల్డ్‌లో పుట్టింది. పన్నెండేళ్లకే ఊళ్లో రేడియో నాటకంలో మాట్లాడింది. బ్లాంక్ వార్నర్ కార్టూన్లకు గొంతివ్వడం మొదలుపెట్టింది 1930ల చివర్లో. అప్పటికే ఈ అమ్మాయికి మైకు కొత్త కాదు. తర్వాత లాస్ ఏంజెలెస్ చేరి, పిల్లల కోసం ‘లేడీ మేక్ బిలీవ్’ పేరుతో కార్యక్రమం నడిపింది. కథలు రాసుకున్నదీ తనే, వినిపించిందీ తనే. బగ్స్ బన్నీ కార్టూన్లు తీసిన దర్శకుడు చక్ జోన్స్‌దిగా చెప్పుకునే మాట ఈ బిరుదును తిరగేసింది: ఫోరే ఆడ మెల్ బ్లాంక్ కాదు, మెల్ బ్లాంకే మగ జూన్ ఫోరే అని.

మూడో మాటకి నాకు నిజంగా చిరాకు. దేవుడు చిత్రమైన గొంతిచ్చాడు, దాంతో బతికేసింది అంటారు. ఒక్క గొంతే అయితే బతుకు అన్నాళ్లు సాగదు. ఆ రోజుల్లో రేడియో నాటకమంటే చాలావరకు ప్రత్యక్ష ప్రసారం. తప్పు పలికితే తప్పే ఊరికి వినిపిస్తుంది. పాత్ర వయసు, ఎత్తు, అలసట, అబద్ధం చెబుతున్న సంగతి, అన్నీ శ్వాసలోనే తెలియాలి. ఆ బడిలో నేర్చిన పనే 1959లో టీవీకెక్కిన ‘రాకీ అండ్ హిజ్ ఫ్రెండ్స్’లో పనికొచ్చింది. ఎగిరే ఉడుత రాకీ ఆవిడే, ఆ ఉడుతను చంపాలని తిరిగే గూఢచారిణి నటాషా కూడా ఆవిడే. ఒకటి నిక్కచ్చి పిల్లాడి గొంతు, ఇంకొకటి తూర్పు యూరప్ యాసతో సాగదీసే మత్తు గొంతు. ఇద్దరూ ఒకే సన్నివేశంలో ఎదురుపడితే తనకు తనే జవాబు చెప్పుకోవాలి.

ఇంకా గట్టి ఉదాహరణ ఒక బొమ్మ. 1960లో మాటెల్ కంపెనీ చాటీ కాథీ అనే మాట్లాడే బొమ్మను అమ్మింది. వీపు దగ్గరున్న దారం లాగితే ముద్దుగా మాట్లాడేది. ఆ గొంతు ఫోరేది. మూడేళ్లకు ‘ట్వైలైట్ జోన్’ అనే టీవీ ధారావాహికలో టాకీ టీనా అనే బొమ్మ వచ్చింది. ఇంటాయన మీద పగబట్టి, అంతే ముద్దుగా నిన్ను చంపుతానంటుంది. ఆ గొంతూ ఫోరేదే! స్వరం పెద్దగా మారదు. పలుకులో చల్లదనం ఒక్కటి చేరుతుంది, వినేవాడికి ఒళ్లు జలదరిస్తుంది. దీన్ని చిత్రమైన గొంతు అనరు, నటన అంటారు.

తెర వెనకే మగ్గిపోయిందనీ, ఎవరూ గుర్తించలేదనీ జాలి చూపించే మాట ఒకటి. సగం నిజం. 1966 నాటి ‘గ్రించ్’ టీవీ చిత్రంలో సిండీ లూ అనే పాపకి మాట్లాడినా పేరు వేయలేదు. కానీ ఆవిడ మూలన కూర్చుని ఏడ్చిన రకం కాదు. యానిమేషన్ వాళ్లకంటూ అవార్డులుండాలని పట్టుబట్టింది, 1972లో ఆనీ అవార్డులు మొదలయ్యాయి. యానిమేషన్ సినిమాలకు ఆస్కార్‌లో వేరే విభాగం కావాలని ఏళ్ల తరబడి వాదించింది, 2001 సినిమాల నుంచి అదీ వచ్చింది. 2012లో ‘ద గార్‌ఫీల్డ్ షో’కి టీవీ అవార్డు ఎమ్మీ అందుకునేటప్పటికి ఆవిడ వయసు 94.

చివరగా, బ్లాంక్ పోయాక ఆ గొంతులన్నీ పోయాయనేది. ఆయన 1989లో పోయాడు. ఫోరే మాత్రం 2011లో మొదలైన ‘లూనీ ట్యూన్స్ షో’లోనూ బామ్మగా మాట్లాడింది. 2017 జులై 26న, నూరేళ్లకు రెండు నెలల ముందు కన్నుమూసింది.