క్యాండిడ్ ఫోటోగ్రఫీ గారికి, కళ్లు మూసుకున్న మా పెద్దమ్మ తరఫున

ఎవరినీ నిలబెట్టకుండా, వాళ్లకి తెలియకుండానే ఫోటోలు తీసే మహారాజశ్రీ క్యాండిడ్ ఫోటోగ్రఫీ గారి దివ్యసముఖానికి,

పెళ్లికూతురి అక్క వేల నమస్కారాలతో చేసుకునే విన్నపం.

తమరు దయతో పంపిన లింకు అందింది. మొత్తం 1,846 ఫోటోలు. ఆదివారం మధ్యాహ్నం మొదలుపెడితే లైట్లు వేసే వేళకి చివరిదాకా వచ్చాను. చెప్పులవి పదకొండు ఉన్నాయి. ఉంగరాలవి పద్నాలుగు, ఒకదాంట్లో ఉంగరం మీద కూర్చున్న దుమ్ము కణం కూడా స్పష్టంగా కనిపిస్తోంది, మీ లెన్సుకు దండం. అస్తమిస్తున్న సూర్యుడి ముందు రెండు నల్లటి నీడలున్నాయి, అవి మా చెల్లీ మరిదీ అని మీ శిష్యుడు, అంటే మా పెళ్లికి వచ్చిన ఫోటోగ్రాఫర్, చెబితే నమ్మాను. డ్రోన్ ఆకాశంలోకి వెళ్లి మరీ పార్కింగ్‌ని తీసింది. మా బాబాయి కారు అడ్డంగా పెట్టాడని అందరూ అన్నారు, ఇప్పుడు సాక్ష్యం దొరికింది. అందుకు కృతజ్ఞతలు.

మా అమ్మ, తన ముగ్గురు అక్కచెల్లెళ్లతో కలిసి ఉన్న ఫోటో మాత్రం లేదు.

ఏ మూలో ఉంటుందిలే అని మళ్లీ మొదటికి వెళ్లాను. మూడోసారి చూసేటప్పుడు అమ్మ వచ్చి పక్కన కూర్చుంది. పెద్దగా ఏమీ అనలేదు. "తీశాడే, మేం నిలబడ్డాం కదా" అంది, అంతే.

నిజంగానే నిలబడ్డారు. పెద్దమ్మ, అమ్మ, పెద్ద పిన్ని, చిన్న పిన్ని. నలుగురూ ఒకచోట చేరి పదకొండేళ్లయింది. చిన్న పిన్ని విమానం దిగి, రెండు రోజులుండి, మళ్లీ విమానం ఎక్కింది. ఆ రెండు రోజుల్లో వాళ్లు నలుగురూ పక్కపక్కన నిలబడింది సరిగ్గా ఒక్క నిమిషం. "రెడీనా ఆంటీ, ఇటు చూడండి" అన్నాడు మీ శిష్యుడు. క్లిక్‌మంది. "సూపర్" అన్నాడు. ఆ సూపర్ ఎక్కడండీ?

ఫోన్ చేశాను. మొదటి మూడుసార్లు ఎత్తలేదు. నాలుగోసారి ఎత్తి, "ఆ ఫ్రేమ్ వర్కవుట్ కాలేదు మేడమ్, కల్లింగ్‌లో పోయుంటుంది" అన్నాడు. తీసిన వేల ఫోటోల్లోంచి పనికిరానివి ఏరి పారేయడాన్ని కల్లింగ్ అంటారట. ఎందుకు పనికిరాలేదు నాయనా అంటే, "ఒక ఆంటీ కళ్లు మూసేశారు మేడమ్" అన్నాడు. నేను కల్లింగ్ అని విన్నాను గానీ, అది కళ్లింగ్ అన్నమాట.

అయ్యా, మా పెద్దమ్మ ఫోటోలో కళ్లు తెరవడం ఎప్పుడైనా జరిగితే కదా! తన పెళ్లి ఫోటోలో మూసుకుంది. రేషన్ కార్డు ఫోటోలో మూసుకుంది. ఫ్లాష్ లేకపోయినా, ఎండ లేకపోయినా, 'మూడు' అనే మాట వినిపించగానే ఆవిడ రెప్పలు వాటంతటవే వాలిపోతాయి. మా ఇంట్లో ఎవరూ దాన్ని తప్పుగా చూడరు. పెద్దమ్మ ముఖం ఫోటోలో అలాగే ఉంటుంది. అరవై ఏళ్లుగా ఉన్న ముఖాన్ని సెకనులో మూడో వంతు కూడా లేని రెప్పపాటు చూసి మీరు పనికిరాదని తీసిపారేశారు.

దీని మీద శాస్త్రం కూడా ఉందని మనవి. నవ్వించి, ఆపై ఆలోచింపజేసే పరిశోధనలకు ఇగ్ నోబెల్ అని ఒక బహుమతి ఇస్తారు. 2006లో గణితానికి ఇచ్చింది, ఆస్ట్రేలియా ప్రభుత్వ పరిశోధన సంస్థ సీఎస్ఐఆర్ఓకు చెందిన నిక్ స్వెన్సన్, పియర్స్ బార్న్స్‌లకు. గ్రూప్ ఫోటోలో ఎవరి కళ్లూ మూసుకోకుండా ఉండాలంటే ఎన్నిసార్లు క్లిక్ చేయాలో వాళ్లు లెక్కగట్టారు. ఇరవై మంది లోపైతే, వెలుతురు బాగుంటే మనుషుల సంఖ్యని మూడుతో, బాగోకపోతే రెండుతో భాగించమన్నారు. అంటే నలుగురు మనుషులకి, ఎంత పాడు వెలుతురైనా, రెండు క్లిక్కులు. చెప్పులకి పదకొండు కొట్టారు కదండీ. చెప్పులు కళ్లు మూసుకుంటాయా?

(మా పెద్దమ్మ విషయంలో ఆ లెక్క పనిచేయదని నాకూ తెలుసు. అది వేరే సంగతి.)

అసలు మీరు ఫోటో తీశారనడానికి నా దగ్గర ఆధారం ఉంది. మా మేనల్లుడు, తొమ్మిదేళ్లవాడు, వాళ్ల నాన్న ఫోన్ లాక్కుని ఆ నిమిషంలోనే ఒకటి కొట్టాడు. అందులో ముప్పావు వంతు మీ శిష్యుడి వీపు. నల్ల చొక్కా, భుజం మీద రెండు బెల్టులు అడ్డదిడ్డంగా, నడుం దగ్గర వేలాడుతున్న ఇంకో కెమెరా. ఆ వీపు అవతల ఎడమవైపు మా అమ్మ సగం నవ్వు, కుడివైపు చిన్న పిన్ని చెయ్యి ఎవరి భుజం మీదో. పెద్దమ్మా, పెద్ద పిన్నీ వీపు వెనకే ఉన్నారు. "ఫ్యామిలీ మొత్తం కవర్ చేస్తాం" అని మాటిచ్చారు. ఆ మాట మాత్రం తప్పలేదు, నిండా కవర్ చేశారు.

ఇక్కడ ఒక నిజం ఒప్పుకోవాలి. మిమ్మల్ని మా ఇంటికి పిలిచింది నేనే. అమ్మా నాన్నల పెళ్లి ఆల్బమ్ చూసి చిన్నప్పటినుంచీ నవ్వుకున్నదాన్ని. అందరూ స్కూలు అసెంబ్లీలో ఉన్నట్టు వరసలో నిలబడి, చేతులు కట్టుకుని, ఫ్లాష్‌కి బెదిరిన ముఖాలతో ఉంటారు. మాకు ఇలాంటివి వద్దు, మనుషులు మనుషుల్లా ఉండాలి, ఎవరినీ నిలబెట్టొద్దు అని మీ శిష్యుడికి చెప్పింది కూడా నేనే. ఆదివారం రాత్రి ఆ పాత ఆల్బమ్ మళ్లీ తీశాను. రీలుకి 36 ఫోటోలే వచ్చే రోజులు. ఆ ఫోటోగ్రాఫర్‌కి తెరమీద చూసుకునే వీల్లేదు, చెరిపేసి మళ్లీ తీసే వీల్లేదు. అయినా ఒక్క చుట్టం తప్పిపోలేదు. "చివర్లో బాబాయి గారూ, కొంచెం లోపలికి. ఆ పిల్లని ఎత్తుకోండమ్మా" అని గొంతు చించుకుని పిలిచి ఉంటాడు. అందుకే అందరూ ఉన్నారు. పెద్దమ్మ కూడా ఉంది, కళ్లు మూసుకుని.

మీకు లిస్టు ఇవ్వలేదా అంటే ఇచ్చాను. పదిహేడు కాంబినేషన్లు, నంబర్లతో సహా. నాలుగో నంబరు 'అమ్మ + ముగ్గురు అక్కచెల్లెళ్లు', కింద గీత గీసి మరీ. మీ శిష్యుడు మడిచి జేబులో పెట్టుకుని, "మేం ఎమోషన్స్ క్యాప్చర్ చేస్తాం మేడమ్, లిస్టు చూస్తే ఫ్లో పోతుంది" అన్నాడు. ఒక్కో గుంపుని పోగేసి నిలబెట్టడానికి మూడు నిమిషాలైనా పడుతుంది, చుట్టాల ముఖాలు తెలిసిన మనిషిని ఒకరిని మీ పక్కన పెట్టనా అని కూడా అడిగాను. అక్కర్లేదన్నాడు. ఫలితంగా వరుడి పెదనాన్నవి ఇరవై రెండు ఫోటోలొచ్చాయి, ఆయన గడ్డం బాగుందని కాబోలు. లిస్టులో ఉన్న పదిహేడులో తొమ్మిది వచ్చాయి. వాటిలో మూడింట్లో ముందు వరస నిగనిగలాడుతుంటే వెనక వరస పొగమంచులో ఉంది. 85 ఎంఎం లెన్సుని ఎఫ్ 1.4లో పెడితే, అంటే దాని కన్ను బాగా పెద్దగా తెరిస్తే, రెండు మీటర్ల దూరంలో స్పష్టంగా వచ్చేది నాలుగైదు సెంటీమీటర్ల మందమే. గుంపుని తీసేటప్పుడు ఎఫ్ 5.6కో, ఎఫ్ 8కో ఆ కన్ను కుదించాలని ఈ నాలుగు రోజుల్లో నేనే నేర్చేసుకున్నాను. కోపం మంచి గురువు.

ఇంతవరకూ అయితే ఈ ఉత్తరం రాసేదాన్ని కాదు. ఇవాళ మధ్యాహ్నం మీ శిష్యుడు పంపిన 'సొల్యూషన్' చూశాకే రాస్తున్నాను.

నలుగురినీ వేరువేరు ఫోటోల్లోంచి కత్తిరించి ఒకచోట అతికించాడు. అమ్మ మీద వెలుతురు ఎడమనుంచి పడుతోంది, పెద్ద పిన్ని మీద కుడినుంచి. చిన్న పిన్ని మిగతావాళ్ల నడుం ఎత్తు ఉంది. అమ్మకి కాళ్లు లేవు, పూలకుండీలోంచి మొలిచింది. ఇవన్నీ పోనీ. పెద్దమ్మకి కళ్లు పెట్టాడు. పెద్ద పెద్ద కళ్లు, బాగా తెరిచినవి. ఎవరివో తెలీదు. పెద్దమ్మకి వీడియో కాల్‌లో చూపించాం. కళ్లజోడు సర్దుకుని, ఫోన్ దగ్గరికి తెచ్చుకుని, దూరం పెట్టుకుని చూసింది.

"మీ ముగ్గురూ తెలుస్తున్నారు గానీ, ఈవిడ ఎవరే?" అంది.

నవ్వాం. చాలాసేపు నవ్వాం. ఫోన్ పెట్టేశాక అమ్మ నవ్వడం ఆపేసి లోపలికెళ్లింది. నాకు అప్పుడు ఒళ్లు మండింది. మర్యాదలు చాలు. మీ మూమెంట్లూ, ఎమోషన్లూ, ఫ్లో అన్నీ కలిపి మీ డ్రోన్‌కి కట్టి పైకి పంపించండి. నలుగురు ఆడవాళ్లు వరసగా నిలబడి మీవైపు చూశారు. మీరు చేయాల్సింది ఇంకోసారి నొక్కడం. చేతకాలేదు. చేతకాక తీసిన ఆ ఒక్కదాన్ని కూడా మమ్మల్ని అడక్కుండా పారేశారు.

సరే, ఒక ఫోటో గురించి చెప్పకపోతే అబద్ధమవుతుంది. 1,212వ నంబరు. చెల్లి నవ్వుతూ ఎవరితోనో మాట్లాడుతోంది, వెనకాల గుమ్మం దగ్గర నాన్న ఒంటరిగా నిలబడి దాన్నే చూస్తున్నాడు, చేతిలో తాళాల గుత్తి. ఆయనకి కెమెరా ఉన్నట్టే తెలీదు. నిలబెట్టి తీస్తే ఆ ముఖం వచ్చేది కాదు. దాన్ని ప్రింటు వేయించాను. అది చూసినప్పుడల్లా మిమ్మల్ని తిట్టడానికి నోరు రావట్లేదు, అదే ఇంకా చిరాకు.

ఇక అడగదలచుకున్నది. మీ శిష్యుడి హార్డ్ డిస్కులో ఆ రోజు తీసిన రా ఫైళ్లు, అంటే కెమెరాలోంచి నేరుగా వచ్చినవి, ఇంకా చెరిపేసి ఉండకపోతే, నాలుగో నంబరు ఫోటో వెతికి పంపించండి. రంగులు సరిచేయొద్దు, చర్మం నునుపు చేయొద్దు. వాట్సాప్‌లో మామూలుగా పంపితే ఫైలు కుదించుకుపోతుంది, డాక్యుమెంట్‌గా పంపమనండి. చెల్లి పెళ్లైన మర్నాడే అమ్మ హాల్లో దానికోసం మేకు కొట్టించింది. వచ్చినవాళ్లంతా ఈ ఖాళీ మేకు ఏంటని అడుగుతున్నారు.

కళ్లు మూసుకున్నదే పంపండి.

ఇట్లు,
నాలుగో నంబరు కింద గీత గీసిన మనిషి