ఇళ్ల శాఖలో పదవులు పంచే పద్ధతి మీద నా కోపం

మేముండేది న్యూజెర్సీలో. శనివారాలు మా ఊరి కమ్యూనిటీ సెంటర్‌లో కూర్చుని, ఫారాలు నింపుకోలేని పెద్దవాళ్లకు సాయం చేస్తుంటాను. మొన్న మన తెలుగు పెద్దావిడ ఒకరు వచ్చారు. డెబ్బై దాటాయి. భర్త పోయారు, గ్రీన్ కార్డు ఉంది. కొడుక్కి వేరే రాష్ట్రంలో ఉద్యోగం వచ్చింది. ఈవిడేమో ఇక్కడి డాక్టర్లనూ, గుడినీ, నలుగురు స్నేహితురాళ్లనూ వదిలి వెళ్లనంటున్నారు. సీనియర్ హౌసింగ్‌లో ఒక చిన్న గది దొరికితే చాలు ఆవిడకు. మూడేళ్ల కిందట పెట్టుకున్న దరఖాస్తు తాలూకు ఉత్తరం తెచ్చి, "ఇందులో నా నంబరు ముందుకు జరిగిందేమో చూడమ్మా" అన్నారు. జరిగింది, కొంచెం. ఇంకా చాలా దూరముంది. ఆ మాట ఆవిడతో చెప్పడానికి నాకు నోరు రాలేదు.

ఇంటికొచ్చాక కూడా ఆ దిగులు వదల్లేదు. అందుకే ఇంత పొడుగ్గా రాస్తున్నాను.

ఆ గదులకు డబ్బు వచ్చేది అమెరికా ఫెడరల్ ప్రభుత్వపు ఇళ్ల శాఖ నుంచి. అందరూ హడ్ అంటారు. 1965లో జాన్సన్ ప్రెసిడెంటుగా ఉన్నప్పుడు పెట్టారు. పేదల అద్దెలో కొంత భాగం కట్టే సెక్షన్ ఎయిట్ వౌచర్లు, పబ్లిక్ హౌసింగ్, వృద్ధుల ఇళ్లు, అన్నీ దాని కిందే. మనవాళ్లు చాలామంది మూడున్నర శాతం డౌన్ పేమెంట్‌తో మొదటి ఇల్లు కొనుక్కున్న ఎఫ్‌హెచ్‌ఏ లోన్ కూడా దాని కిందిదే. రంగు చూసో మతం చూసో ఇల్లు అద్దెకివ్వకపోతే ఫిర్యాదు చేయాల్సిందీ అక్కడే. ఇంత పెద్ద శాఖ ఉన్నా, అద్దె సాయానికి అర్హత ఉన్న నాలుగు కుటుంబాల్లో సుమారు ఒక్కదానికే ఆ సాయం అందుతోంది. మిగతా మూడు కుటుంబాలూ మా పెద్దావిడలాగే నంబరు చూసుకుంటూ ఉంటాయి.

మరి ఈ శాఖను నడిపేది ఎవరు? మన ఊళ్లో నామినేటెడ్ పదవులు అంటాం కదా, ఇక్కడా అవే. ఎన్నికలయ్యాక కొత్త ప్రెసిడెంటు చేతిలో దేశం మొత్తం మీద దాదాపు 4,000 పోస్టులుంటాయి. వాటిలో 1,200కు పైగా పోస్టులకు సెనేట్ ఆమోదం కావాలి. మిగతావాటికి సెనేట్ ఆమోదం అక్కర్లేదు. హడ్ సెక్రటరీ (మన మంత్రి లాంటి పదవి) పేరు పేపర్లలో వస్తుంది, సెనేట్‌లో నాలుగు ప్రశ్నలైనా అడుగుతారు. రీజనల్ అడ్మినిస్ట్రేటర్లు, సలహాదారులు, స్పెషల్ అసిస్టెంట్లు మాత్రం చడీచప్పుడూ లేకుండా వచ్చి కుర్చీల్లో కూర్చుంటారు. నా కోపంలో ఎక్కువ భాగం ఈ కింది వరస మీదే.

రాజకీయ నియామకాలే వద్దని నేననను. ఓట్లేసి గెలిపించిన ప్రభుత్వం తన మనుషులను పెట్టుకోవాలి, లేకపోతే మన ఓటుకు అర్థం లేదు. ఈ శాఖకు మొట్టమొదటి సెక్రటరీ రాబర్ట్ వీవర్ కూడా రాజకీయ నియామకమే. కానీ ఆయన హార్వర్డ్‌లో ఆర్థికశాస్త్రంలో డాక్టరేట్ చేసి, న్యూయార్క్ రాష్ట్రంలో అద్దెల కమిషనర్‌గా పనిచేసి, కెనెడీ హయాంలో ఫెడరల్ ఇళ్ల సంస్థను నడిపి, ఆ తర్వాత 1966లో ఆ కుర్చీలో కూర్చున్నారు. అమెరికా క్యాబినెట్‌లో మొదటి నల్లజాతి సభ్యుడు. ఒబామా తెచ్చిన షాన్ డోనవన్ అంతకుముందు న్యూయార్క్ నగరపు ఇళ్ల శాఖను నడిపినవాడు. అలాంటివాళ్లను పెడితే నేను ఏ పార్టీకైనా చప్పట్లు కొడతాను.

అలా పెట్టనప్పుడు ఏమవుతుందో 1980ల్లో చూశారు. రీగన్ హయాంలో ఎనిమిదేళ్లూ శామ్యూల్ పియర్స్ సెక్రటరీ. 1981లో ఒక సమావేశంలో రీగన్ ఆయన్ను గుర్తుపట్టక 'మిస్టర్ మేయర్' అని పలకరించారు. సొంత మంత్రిని! ఆ శాఖ మీద పైవాళ్లకు ఎంత ధ్యాస ఉందో అక్కడే తెలుస్తుంది. పాత అపార్ట్‌మెంట్లు బాగుచేయించి పేదలకు అద్దెకిచ్చే పథకం ఒకటి ఉండేది. ఏ ప్రాంతానికి ఎన్ని ఇళ్లివ్వాలో లెక్క ప్రకారం పంచాలన్న నిబంధనను 1984లో సడలించారు. దాంతో ఆ పంపకం వాషింగ్టన్ ఆఫీసులో కొద్దిమంది చేతుల్లోకి వచ్చిపడింది. సెక్రటరీకి ఎగ్జిక్యూటివ్ అసిస్టెంట్‌గా ఉన్న డెబొరా గోర్ డీన్‌కు అప్పటికి ముప్పై ఏళ్లు కూడా నిండలేదు. ఎవరికి తెలిసినవాళ్లుంటే వాళ్ల బిల్డర్‌కు ఇళ్లు. ఇళ్ల గురించి ఏమీ తెలియని మాజీ మంత్రి జేమ్స్ వాట్, పెద్దవాళ్లకు ఫోన్లు చేసి, పియర్స్‌ను కలిసి మాట్లాడిపెట్టినందుకు 4 లక్షల డాలర్లకు పైగా ఫీజు తీసుకున్నారు. పేదల ఇళ్లకని పెట్టిన పథకం చుట్టూ తిరిగిన డబ్బు అది.

1989లో ఇదంతా బయటపడింది. కాంగ్రెస్ కమిటీ పిలిస్తే, తన మీదకే వస్తుందని పియర్స్ జవాబు చెప్పడానికి నిరాకరించారు. ఇండిపెండెంట్ కౌన్సెల్, అంటే ప్రత్యేకంగా వేసిన స్వతంత్ర ప్రాసిక్యూటర్, విచారణ ఏళ్ల తరబడి సాగింది. పదిమందికి పైగా దోషులుగా తేలారు, వాళ్లలో డీన్ ఒకరు. పియర్స్ మీద కేసు పెట్టలేదు. అలాంటి వాతావరణం ఏర్పడటానికి తన తీరు కూడా కారణమని ఆయన 1995లో ఒప్పుకున్నారు, అంతే. ఆ ఏళ్లలో వరసలో నిలబడి ఇల్లు దక్కకుండా పోయినవాళ్లకు ఎవరూ క్షమాపణ చెప్పలేదు.

ఇక మన కాలానికి వద్దాం. 2016 నవంబరులో బెన్ కార్సన్ సన్నిహితుడు ఒకాయన, కార్సన్‌కు ప్రభుత్వంలో అనుభవం లేదని, ఫెడరల్ శాఖ నడపడం ఆయనకు ఇష్టం లేదని పత్రికలకు చెప్పారు. మూడు వారాల్లోనే ట్రంప్ కార్సన్‌ను హడ్ సెక్రటరీగా నామినేట్ చేశారు. డెట్రాయిట్‌లో పేదరికంలో పెరిగి, తలలు కలిసి పుట్టిన కవలలను వేరుచేసిన సర్జన్ ఆయన. ఆ చేతులకు దణ్ణం పెడతాను. కానీ ఒక ఇళ్ల నిపుణుణ్ణి తెచ్చి ఆపరేషన్ థియేటర్‌లో నిలబెడితే ఎవరైనా ఒప్పుకుంటారా? ఇక్కడ మాత్రం సెనేట్‌లో 58-41 ఓట్లతో ఒప్పుకున్నారు.

2017లోనే న్యూయార్క్, న్యూజెర్సీ ప్రాంతానికి, అంటే మా ప్రాంతానికి, లిన్ పాటన్‌ను అధిపతిగా వేశారు. అంతకుముందు ఆవిడ ట్రంప్ కుటుంబానికి ఈవెంట్లు చేసిపెట్టేవారు. దేశంలో అన్నిటికన్నా పెద్ద పబ్లిక్ హౌసింగ్ సంస్థ ఈ ప్రాంతంలోనే ఉంది. ఆవిడ 2019లో నాలుగు వారాలు ఆ ఇళ్లలోనే ఉండి చూశారు. అది మంచి పనే, ఆ మాట చెప్పాలి. ఆ మరుసటి ఏడు మాత్రం, అలాంటి ఇళ్లలో అద్దెకుంటున్నవాళ్లతో వీడియో తీసి రిపబ్లికన్ పార్టీ కన్వెన్షన్‌లో చూపించారు. అది ఎన్నికల ప్రచారానికని మాకు చెప్పలేదని వాళ్లలో కొందరు అన్నారు. 2021లో దీన్ని చట్ట ఉల్లంఘనగా తేల్చి, వెయ్యి డాలర్ల జరిమానా, నాలుగేళ్లు ఫెడరల్ ఉద్యోగం చేయకూడదన్న నిషేధం వేశారు. బాత్రూం గోడకు బూజు పట్టిందనీ హీటర్ రావట్లేదనీ చెప్పుకోవడానికి నోరు విప్పిన మనిషి మాటలను ప్రచారానికి వాడుకున్నారు. నాకు ఇది జీర్ణం కాదు.

ఇది ఒక్క పార్టీ తప్పు అనుకునేవాళ్లకు: బైడెన్ హయాంలో హడ్ సెక్రటరీగా వచ్చిన మార్షా ఫజ్ కోరుకున్నది వ్యవసాయ శాఖ. నల్లవాళ్లనగానే లేబరో హడ్డో చేతిలో పెడతారని నియామకానికి ముందే ఆవిడ బాధపడుతూ అన్నారు. ఆ తర్వాత ఆవిడకు ఇచ్చింది హడ్డే. ఆవిడ బాధ న్యాయమైనది. ఒక మనిషికి గౌరవం ఇచ్చినట్టు కనిపించడానికి ఈ శాఖను వాడుకుంటే, ఆ మనిషికీ అవమానమే, ఇంటి కోసం చూసేవాళ్లకూ అవమానమే. 2025లో వచ్చిన స్కాట్ టర్నర్ మాజీ ఫుట్‌బాల్ ఆటగాడు, టెక్సస్ మాజీ శాసనసభ్యుడు. వెనకబడిన ప్రాంతాల్లో పెట్టుబడుల కోసం వైట్ హౌస్‌లో పెట్టిన కౌన్సిల్‌ను నడిపారు కాబట్టి ఈ పనికి కొంత దగ్గరివారే. అయినా ఇళ్ల సంస్థ నడిపిన అనుభవాన్ని అర్హతగా ఎవరూ అడగలేదు.

అసలు మనిషినే వేయకుండా వదిలేయడం ఇంకో రకం. ఇంటి రుణాల బాండ్లకు హామీ ఇచ్చే జిన్నీ మే కూడా హడ్ కిందిదే. దాని హామీల విలువ 2 లక్షల కోట్ల డాలర్లకు పైమాటే. 2017 జనవరి నుంచి 2021 డిసెంబరు దాకా దానికి సెనేట్ ఆమోదించిన ప్రెసిడెంటు లేరు.

పైన ధ్యాస లేకపోతే కింద ఏమవుతుందో 2018 చివర బడ్జెట్ కుదరక ప్రభుత్వం మూతపడినప్పుడు తెలిసింది. పేదల, వృద్ధుల ఇళ్లకు అద్దె సాయం ఇచ్చే కాంట్రాక్టులు వెయ్యికి పైగా గడువు తీరిపోయాయి. దాచుకున్న డబ్బుతో సర్దుకోండి, ఎవర్నీ ఖాళీ చేయించకండి అని శాఖ ఓనర్లకు ఉత్తరాలు రాసింది. అప్పుడు సీనియర్ హౌసింగ్‌లో ఉన్న తాతగారొకరు రోజూ నాకు ఫోన్ చేసేవారు, "అమ్మా, మమ్మల్ని పంపించేస్తారా?" అని. డెబ్బై ఎనిమిదేళ్ల మనిషికి ఆ టెన్షన్ ఎందుకు?

కత్రినా తుఫాను తర్వాత, విపత్తుల్లో సాయం చూసే ఫెడరల్ సంస్థ ఫెమా అధిపతికి అంతకుముందు గుర్రాల సంఘంలో ఉద్యోగమని తెలిసి దేశం మండిపడింది. 2006లో కాంగ్రెస్ చట్టం చేసింది: ఫెమా నడపాలంటే విపత్తుల పనిలో నిరూపించుకుని ఉండాలి, కనీసం ఐదేళ్లు నాయకత్వ స్థానంలో పనిచేసి ఉండాలి. ఇళ్ల శాఖ సెక్రటరీకి అలాంటి షరతు లేదు. సెక్రటరీకి, రీజనల్ అడ్మినిస్ట్రేటర్లకు అలాంటిదే ఒకటి పెట్టమని మా ఇద్దరు సెనేటర్ల ఆఫీసులకూ ఉత్తరాలు రాశాను.

సిటిజన్‌షిప్ వచ్చి ఓటు వేస్తున్న మనవాళ్లు ఈ దేశంలో లక్షల్లో ఉన్నారు. హెచ్1బీ గురించైతే సెనేటర్లకు ఫోన్లు చేస్తాం, సంతకాలు సేకరిస్తాం. ఈసారి హడ్ పోస్టుకు ఎవరి పేరైనా సెనేట్ ముందుకు వచ్చినప్పుడు ఒక్క ఫోన్ చేయండి. ఈయన ఇంతకుముందు ఎన్ని ఇళ్లు కట్టించారు, ఎంతమందికి అద్దె సాయం ఇప్పించారు అని అడగండి. అమ్మానాన్నల కోసం దరఖాస్తు పెట్టి ఎదురుచూస్తున్నవాళ్లు ఈ పోస్టు చదువుతుంటే, ఎన్నేళ్లయిందో కింద రాయండి. ఆ లెక్కలు నా రెండో ఉత్తరంలో పెడతాను.