హ్యూయిష్ మైదానపు వాలు గారికి ఒక బహిరంగ లేఖ

శ్రీయుత వాలు గారికి,

నమస్కారములు. ఇంగ్లండు నైరుతి మూల సోమర్సెట్‌లోని యోవిల్ పట్టణంలో, 1920 నుంచి 1990 దాకా డెబ్బై ఏళ్ళపాటు, అక్కడి ఫుట్‌బాల్ క్లబ్బును తమ వీపు మీద మోసిన మహానుభావులు మీరు. తోలు చేతితొడుగులు కుట్టి బతికిన ఊరు కనుక ఆ జట్టును ‘గ్లోవర్స్’ అని పిలుచుకుంటారు. ఆ జట్టులో ఎవరెవరు ఆడారంటే చెప్పలేని వాళ్ళు కూడా మీ కొలత మాత్రం తడుముకోకుండా చెబుతారు: ఒక పక్క గీత నుంచి అవతలి పక్క గీతకు చేరేసరికి నేల ఎనిమిది అడుగులు దిగిపోయేదట. ఎనిమిది అడుగులంటే గోలుపోస్టుల మీది అడ్డకర్ర ఎత్తు. పల్లం వైపు నిలబడ్డ ఆటగాడికి మెరక వైపున్న వాడి బూట్లు తన తల కంటే ఎత్తులో కనిపించేవన్నమాట. ఇంతటి శరీర సౌష్ఠవం ఉన్నవారికి కీర్తి రావడంలో ఆశ్చర్యం లేదు. అయితే ఆ కీర్తిలో కొంత పక్కవాళ్ళ వాటా కలిసిపోయిందన్న అనుమానంతో ఈ ఉత్తరం రాస్తున్నాను.

1949 జనవరి 29 మీకు గుర్తుండే ఉంటుంది. ఇంగ్లండులో చిన్నా పెద్దా క్లబ్బులు కలిసి పోటీపడే ఎఫ్.ఎ. కప్, నాలుగో రౌండు. అవతలి జట్టు సండర్లాండ్: ఆరుసార్లు దేశ విజేత, అప్పటికి లీగ్‌లో పై మెట్టయిన మొదటి డివిజన్ నుంచి ఒక్కసారి కూడా కిందికి దిగని ఘరానా సంస్థ, డబ్బు నీళ్ళలా ఖర్చు పెడుతుందని ‘బ్యాంక్ ఆఫ్ ఇంగ్లండ్’ జట్టుగా పేరుపడ్డది. అంతకు ఏడాది ముందే లెన్ షాకిల్టన్‌ను 20,050 పౌండ్లకు, ఆనాటి బ్రిటన్ రికార్డు ధరకు కొనుక్కుంది. ఇటు యోవిల్ వైపు చూస్తే, పెద్ద క్లబ్బుల ఆ లీగ్‌లో చోటే లేని జట్టు, చాలామందికి వారమంతా వేరే కొలువులు. అసలు గోల్‌కీపర్ స్టాన్ హాల్ గాయపడడంతో, న్యాయవాది దగ్గర గుమాస్తాగా పనిచేస్తున్న డిక్కీ డైక్ అనే కుర్రవాడిని తెచ్చి గోలులో నిలబెట్టారు. శుక్రవారం దాకా దస్తావేజులు చూసుకునే మనిషి, శనివారం మధ్యాహ్నం షాకిల్టన్ కాలి కదలికను చదవవలసి వచ్చింది.

ఆటగాడూ మేనేజరూ తానే అయిన అలెక్ స్టాక్ తొలి గోలు కొట్టారు. రెండో సగంలో జాకీ రాబిన్సన్ దాన్ని సమం చేశాడు. ఆట అదనపు సమయానికి వెళ్ళింది, మైదానం మీద పొగమంచు దట్టమవుతూ వచ్చింది. అప్పుడు షాకిల్టన్ గారు కాలు తల మీదికి ఎత్తి, వెనక్కి ఒక విలాసపు దెబ్బ కొట్టారు. బంతి వెళ్ళి రే రైట్ కాళ్ళ దగ్గర వాలింది, అతను ముందుకు తోశాడు, ఎరిక్ బ్రయంట్ గోలు చేశాడు. యోవిల్ 2, సండర్లాండ్ 1.

ఇరవై వేల పౌండ్ల కాలు తప్పడానికి మీరెలా కారణమయ్యారో నేను ఎంత ఆలోచించినా తేలలేదు. అయినా లోకం ఆ విజయాన్ని మీ ఖాతాలోనే జమ కట్టింది. ఆడలేక మద్దెల ఓడు అన్న సామెత మన దగ్గర పాతదే కానీ, ఆడి గెలిచిన వాళ్ళను పక్కకు నెట్టి మద్దెలకు దండ వేయడం మాత్రం నాకు కొత్త.

నిజానికి మీరు వాలింది గోలు వైపు కాదు, పక్కకు. గోలు వైపు వాలి ఉంటే ఒక సగంలో ఒకరు ఎక్కుతూ, మరొకరు దిగుతూ ఆడారని అనుకోవచ్చు. పక్కవాటు వాలులో రెండు జట్లకూ ఒక అంచు మెరక, ఒక అంచు పల్లం. సగం ఆట అయ్యాక వైపులు మారితే కుడి ఎడమలు మారతాయి, అంతే. మీ మీద అలవాటుగా పరుగెత్తిన వాళ్ళకు బంతి ఎటు జారుతుందో ముందే తెలియడం కొంత లాభమేనని ఒప్పుకుంటాను. ఆ లాభమే సర్వస్వమైతే 1971 జనవరిలో అదే కప్పులో ఆర్సెనల్ వచ్చి, మీ మీదే నిలబడి, 3-0తో గెలిచి వెళ్ళిన రోజున తమరు ఎక్కడికి వెళ్ళారు? దీనికి తోడు 1992లో టోర్కీకి వెళ్ళి 5-2తోనూ, 2000లో బ్లాక్‌పూల్‌కు వెళ్ళి 1-0తోనూ ఈ జట్టు లీగ్ క్లబ్బులను వాళ్ళ సొంత గడ్డ మీదే ఓడించింది. అక్కడ తమ బంధువులెవరైనా ఉన్నారేమో తెలియదు.

మీ పేరు ఇంత మోగడంలో స్టాక్ గారి చేయి కూడా ఉంది. సండర్లాండ్ రాకముందు పత్రికల వాళ్ళు అడిగిన ప్రతిసారీ ఆయన మీ గురించే ఊరించి చెప్పి, అవతలి జట్టు బుర్రలో మిమ్మల్ని కొండంత చేశారు. ఎనిమిది అడుగులతో ఎనిమిది వందల అడుగుల పని చేయించుకున్న ఆ మనిషే తరువాత క్వీన్స్ పార్క్ రేంజర్స్‌కు 1967లో లీగ్ కప్ గెలిపించారు, 1975లో ఫుల్‌హమ్‌ను ఎఫ్.ఎ. కప్ ఫైనల్‌కు తీసుకువెళ్ళారు. ఆ రెండు చోట్లకూ మీరు ఆయన వెంట వెళ్ళిన దాఖలా లేదు. మీ మీద గెలిచిన పక్షం రోజులకే మాంచెస్టర్ యునైటెడ్ చేతిలో యోవిల్ 8-0తో ఓడిందని, అదే మీ మహిమకు రుజువని ఎవరైనా అనవచ్చు. మెయిన్ రోడ్ మైదానంలో ఎనభై వేలమందికి పైగా జనం చూస్తుండగా ఒక్క జాక్ రోలీయే అయిదు గోల్స్ కొట్టాడు. ఆ రోలీని మీ మీదికి తెచ్చినా పెద్ద తేడా ఉండేది కాదని నా నమ్మకం.

అసలు వాలు మరొకటుంది. దాన్ని ఎవరూ అడుగుల్లో కొలవలేదు. 1987 దాకా కింది క్లబ్బు ఎంత బాగా ఆడినా లీగ్‌లోకి దానంతటది ఎక్కే దారి లేదు. అట్టడుగున మిగిలిన లీగ్ క్లబ్బులు, బయట నిలబడి దరఖాస్తు పెట్టుకున్న క్లబ్బులు ఒకే ఎన్నికకు నిలబడేవి. ఓట్లు వేసేదేమో లోపలున్న క్లబ్బులు. తోటి సభ్యుణ్ణి గెంటేసి ముక్కూ మొహం తెలియని వాణ్ణి లోపలికి రానివ్వడానికి ఎవరికి చేతులు వస్తాయి? రేపు తామే అట్టడుగుకు రావచ్చు కదా. 1972లో హియర్‌ఫర్డ్‌కు, 1977లో వింబుల్డన్‌కు, 1978లో విగన్‌కు తలుపు తెరుచుకుంది. యోవిల్ ఎన్నిసార్లు తట్టినా తెరుచుకోలేదు. తీరా 1987లో నేరుగా ఎక్కే నిచ్చెన వేసేసరికి, పాపం, యోవిల్ అంతకు రెండేళ్ళ ముందే ఇంకో మెట్టు కిందికి జారి ఇస్త్మియన్ లీగ్‌లో ఉంది. నీరు పల్లమెరుగు అంటారు. ఓట్లు కూడా పల్లాన్నే ఎరుగుతాయి. ఆ వాలును చూపించడానికి ఒక్క విలేఖరీ కొలబద్ద పట్టుకు వచ్చినట్టు లేదు.

1990లో క్లబ్బు మిమ్మల్ని వదిలి, ఊరి అంచున పాత సైనిక శిబిరం ఉన్నచోట కట్టుకున్న హ్యూయిష్ పార్క్‌కు మారింది. అక్కడ నేల చదును. మీ అభిమానుల లెక్క ప్రకారం అక్కడితో కథ ముగియాలి. 2003లో గ్యారీ జాన్సన్ మేనేజరుగా, రెండో జట్టుకు పదిహేడు పాయింట్ల దూరంలో నిలిచి లీగ్‌కు సరిగ్గా కింది మెట్టయిన కాన్ఫరెన్స్ గెలిచి, పుట్టిన నూట ఎనిమిదేళ్ళకు ఎవరి ఓటూ అడగకుండా లీగ్‌లో కాలు పెట్టింది. 2005లో లీగ్‌లోని అట్టడుగు మెట్టు, లీగ్ టూ విజేత. 2013లో వెంబ్లీలో బ్రెంట్‌ఫర్డ్‌ను 2-1తో ఓడించి, ప్రీమియర్ లీగ్‌కు ఒక్క మెట్టు దిగువకు చేరింది. ఆ తరువాత జారడం మొదలైంది. మరుసటి ఏడాదే దిగింది, 2015లో మళ్ళీ దిగింది, 2019లో లీగ్ నుంచే బయటపడింది, 2023లో నాన్-లీగ్‌లోనూ ఇంకో మెట్టు జారింది. 2024లో ఒక మెట్టు తిరిగి ఎక్కింది. అంగుళం వాలు లేని నేల మీద ఇంత ఎక్కీ దిగీ చేయవచ్చునని తెలిశాక, మీ ఎనిమిది అడుగుల మీద నాకున్న గౌరవం కొంత తగ్గిన మాట వాస్తవం.

కనుక నా విన్నపం ఒక్కటే. డైక్ ఆపిన బంతులు డైక్‌కు, స్టాక్ గోలు స్టాక్‌కు, బ్రయంట్ గోలు బ్రయంట్‌కు తిరిగి జమ చేయవలసింది. పొగమంచు మాత్రం మీరే ఉంచుకోండి, దాని వాటాదారులెవరూ ఇంతవరకు రాలేదు.

ఈ ఉత్తరం పంపడానికి చిరునామా వెతికితే, మీరున్న చోట ఇప్పుడు టెస్కో సూపర్ మార్కెట్ ఉందని తెలిసింది. కవరు మీద ‘కేరాఫ్ టెస్కో, పల్లం వైపు’ అని రాశాను. ఏ అరల వరుస పల్లానికి వస్తుందో అక్కడి వాళ్ళకు తెలియకపోతే, బ్రేకు లేని తోపుడు బండి ఒకటి వదిలి చూడమనండి.

ఇట్లు,
చదును నేల మీదే ఎన్నోసార్లు బోర్లాపడ్డ
ఒక ఫుట్‌బాల్ అభిమాని